సన్మానం కంటె ముందు సదుపాయం

చదరంగ లోకంలో గ్రాండ్‌మాస్టర్ అనునది అత్యున్నతమైన బిరుదు. ఒకసారి లభించినచో జీవితాంతం నిలిచి ఉండే బిరుదు అది. అట్టి జీవితకాలపు బిరుదు ఒక వ్యక్తికి ఆయన మరణించిన దాదాపు 58 సంవత్సరాల తరువాత లభించినది. 2024 ఫిబ్రవరిలో అంతర్జాతీయ చదరంగ సమాఖ్య, అనగా 'ఫిడే' అని ప్రసిద్ధి చెందిన సంస్థ, అధ్యక్షులు ఇస్లామాబాదుకు వచ్చి, మీర్ సుల్తాన్ ఖాన్ పేర గౌరవ గ్రాండ్‌మాస్టర్ బిరుదు పత్రాన్ని అప్పటి పాకిస్తాన్ ఆపద్ధర్మ ప్రధానమంత్రికి అందజేసినారు. ఆ గౌరవానికి అర్హుడైన మనిషి మాత్రం 1966లోనే సర్గోధాలో కన్నుమూసినారు.

ఈ వార్త చదివి సంతోషించని చదరంగ ప్రియుడు ఉండడు. మేమూ సంతోషించినాము. కాని ఆ సంతోషం వెంటనే ఒక ప్రశ్న కూడా పుట్టినది. సుల్తాన్ ఖాన్ 2024లో ఆ బిరుదుకు అర్హులైతే, 1950లోనూ అర్హులే. ఈ నడుమ ఆయన ఆటలలో ఒక్క ఎత్తు కూడా పెరుగలేదు, తరుగలేదు. మారినది ఆయన ప్రతిభ కాదు; దానిని చూచే కన్ను. మరి చూడవలసిన నాడు ఆ కన్ను ఎందుకు మూసుకొని ఉన్నది? ఈ ప్రశ్నకు సమాధానం వెదకుట మన వంటి విద్యాసంస్థలకు ఎంతో అవసరమని మా నమ్మకం.

సుల్తాన్ ఖాన్ అవిభక్త పంజాబులోని సర్గోధా ప్రాంతంలో, మిఠా తివానాలో జన్మించినారు. తొమ్మిదేళ్ళ ప్రాయంలో తండ్రి వద్ద చదరంగం నేర్చినారు. ఆయన నేర్చినది మన దేశవాళీ ఆట. అందులో బంటు మొదటి ఎత్తున కూడా ఒకే గడి నడుచును. యూరోపు పద్ధతిలో రెండు గడులు దూకవచ్చును. రాజును మూలకు చేర్చి ఏనుగును కాపలా పెట్టే యూరోపు ఏర్పాటు మన ఆటలో లేదు; దానికి బదులు రాజు ఒక్కసారి గుర్రం వలె దూకవచ్చును. సర్ ఉమర్ హయాత్ ఖాన్ తివానా అనే భూస్వామి ఈ యువకుని ప్రతిభను గుర్తించి ఆదరించి, పాశ్చాత్య పద్ధతిలో శిక్షణ ఇప్పించినారు. 1928లో అఖిల భారత పోటీలో సుల్తాన్ ఖాన్ ఒక్క ఆటయినా ఓడకుండా ప్రథములైనారు. 1929లో సర్ ఉమర్ లండనుకు వెళ్ళుతూ ఆయనను వెంట తీసుకొని పోయినారు. ఆ ఏడే రామ్స్‌గేటులో జరిగిన పోటీలో సుల్తాన్ ఖాన్ బ్రిటిష్ చాంపియన్ అయినారు. 1932లోనూ, 1933లోనూ మళ్ళీ ఆ పీఠం ఆయనదే.

ఆయన గెలిచినది ఎవరిపైన? 1930-31 హేస్టింగ్స్ పోటీలో అంతకు కొద్ది ఏండ్ల క్రితం దాకా ప్రపంచ చాంపియన్‌గా ఉండిన కాపబ్లాంకాను ఓడించి, యూవే, కాపబ్లాంకాల తరువాత మూడవ స్థానంలో నిలిచినారు. 1931లో టార్టకోవర్‌తో పన్నెండు ఆటల పోరు సాగించి గెలిచినారు. అదే సంవత్సరం ప్రాగ్ ఒలింపియాడ్‌లో ఇంగ్లండు జట్టుకు మొదటి బల్లపై కూర్చొని ఫ్లోర్‌ను, రూబిన్‌స్టీన్‌ను ఓడించి, ప్రపంచ చాంపియన్ అలేఖిన్‌తో సమానంగా ముగించినారు. పడని చలిలో, తరచు జ్వరంతోను గొంతునొప్పితోను బాధపడుతూ, మెడకు గుడ్డ చుట్టుకొని బల్ల ముందు కూర్చొన్న మనిషి సాధించిన విజయాలివి. ఆయన ప్రత్యర్థులు ప్రారంభపు ఎత్తులను గ్రంథాలలో పఠించి వచ్చినవారు. సుల్తాన్ ఖాన్ ఆ ఎత్తులను బల్ల మీద, ఆట నడుస్తూ ఉండగా, ఓటమి భయం వెంటనంటి ఉండగా నేర్చుకొన్నారు.

1933 చివర సర్ ఉమర్ స్వదేశానికి మరలినారు. సుల్తాన్ ఖాన్ కూడా మరలినారు. 1935లో ఖాడిల్కర్ అనే ఆటగానితో పది ఆటలు ఆడి, తొమ్మిది గెలిచి, ఒకటి సమం చేసినారు. ఆ తరువాత గొప్ప పోటీలలో ఆయన పేరు వినపడదు. ముప్పది ఏండ్ల వయసుకు, అనగా ఇతర ఆటగాళ్ళు పరిపక్వతకు వచ్చే కాలానికి, ఆయన క్రీడాజీవితం ముగిసినది. శేషజీవితం సేద్యం చేసుకొంటూ స్వగ్రామంలో గడిపినారు.

ఇక 1950 సంగతి. గ్రాండ్‌మాస్టర్ అను మాట అంతకు ముందే వాడుకలో ఉన్నది. కాని దానికి నియమబద్ధమైన బిరుదు రూపమిచ్చి ఫిడే మొదటి జాబితా ప్రకటించినది 1950లోనే. అందులో 27 పేర్లున్నవి. బోట్విన్నిక్, కేరెస్, స్మిస్లోవ్ వంటి అప్పటి మేటి ఆటగాళ్ళతో పాటు, తమ మంచి రోజులు ఏనాడో గడచిపోయిన వృద్ధులకు కూడా పూర్వ విజయాలను బట్టి ఆ గౌరవం ఇచ్చినారు. అది న్యాయమే. ఎన్నో ఏండ్లుగా పోటీలకు దూరమైన రూబిన్‌స్టీన్ పేరు అందులో ఉన్నది. టార్టకోవర్ పేరు ఉన్నది. ఫ్లోర్ పేరు ఉన్నది. వీరు మువ్వురూ సుల్తాన్ ఖాన్ చేతిలో ఓటమి చవిచూచినవారు. ఓడినవారి పేర్లున్న చోట ఓడించినవాని పేరు లేదు. కాపబ్లాంకా, అలేఖిన్‌ల పేర్లు లేకపోవుటకు కారణం వారు అప్పటికే మరణించి ఉండుట. సుల్తాన్ ఖాన్ బ్రతికే ఉన్నారు. అప్పటికి ఆయనకు ఏబది ఏండ్లు కూడా నిండలేదు.

దీనికి జాతి వివక్ష ఒక్కటే కారణమని తేల్చి చెప్పుట సులభం. కాని అంతకంటె లోతైన కారణం ఒకటి మాకు తోచుచున్నది. రూబిన్‌స్టీన్ ఆట మానినా, ఆయన పేరు తలచే క్లబ్బులు, పత్రికలు, గ్రంథాలు, సంఘాలు ఉన్నవి. సుల్తాన్ ఖాన్ వెనుక అట్టివేమీ లేవు. ఆయన వెనుక ఉన్నది ఒక్క పోషకుడు. పోషకుడు ఓడ ఎక్కిన నాడు ఆటగాడు కూడా ఓడ ఎక్కవలసి వచ్చినది. ఆయనను గురించి లోకానికి చెప్పినది కూడా పరులే. ఆంగ్ల గ్రంథాలు ఆయనను సర్ ఉమర్ ఇంటి 'సేవకుడు'గా చిత్రించినవి. అనేకులు అదే మాటను తిరిగి తిరిగి రాసినారు. ఇటీవలి కాలంలో ఆయన కుటుంబీకులు ఆ చిత్రణను బహిరంగంగా ఖండించి, తమది భూవసతి గల గౌరవ కుటుంబమని తెలిపినారు. తన కథ తాను రాసుకొనని వాని కథను ఇతరులు తమకు తోచినట్లు రాయుదురనుటకు ఇంతకంటె నిదర్శనం అవసరం లేదు.

పోషకుని నీడలో వెలిగి, ఆ నీడ తొలగగానే వాడిపోవుట చదరంగ చరిత్రలో కొత్త విషయం కాదు. మన తెలుగు 'చదరంగం', ఉర్దూ 'శతరంజ్' రెండూ ఒకే తల్లి బిడ్డలు. సంస్కృతంలోని 'చతురంగ' శబ్దం పహ్లవీ భాషలో 'చత్రంగ్'గా మారి, అరబ్బుల నోట 'శత్రంజ్' అయి, తిరిగి మన ఉర్దూలోనికి వచ్చినది. రెండు లిపులలో వెలువడే ఈ సంచిక వలెనే ఆ రెండు మాటలు కూడా పక్కపక్కన కూర్చోదగినవి. ఫిడే పుట్టుటకు వేయి ఏండ్ల క్రితమే అరబ్బులు ఆటగాళ్ళను తరగతులుగా విభజించి, అందరికంటె పై తరగతివారిని 'ఆలియాత్' అని పిలిచినారు. నేటి గ్రాండ్‌మాస్టర్ పదవికి అది పూర్వరూపమనవచ్చును. అట్టివారిలో సుప్రసిద్ధుడు అబూ బక్ర్ అస్-సూలీ. బాగ్దాదులో ఖలీఫా అల్-ముక్తఫీ ఎదుట ఆస్థాన క్రీడాకారుని ఓడించి ఆదరం పొందినాడు. ఆయన చదరంగంపై గ్రంథం రచించినాడు. అంతేకాదు, కవుల చరిత్రలు రాసి, వారి కావ్యాలను పరిష్కరించిన సాహిత్యవేత్త కూడా. తన శిష్యుడైన ఖలీఫా అర్-రాదీ 940లో మరణించుటతో ఆయన అదృష్టం తలక్రిందులైనది. చివరకు బస్రాలో లేమిలో కన్నుమూసినాడు.

మన వైపు చూచినా ఇదే రీతి. శ్రీకృష్ణదేవరాయల ఆస్థానంలో బొద్దుచర్ల తిమ్మన చదరంగంలో మేటియై రాయలనే గెలిచి, కొప్పోలు గ్రామాన్ని బహుమానంగా పొందినాడని చాటువుల వలన ప్రసిద్ధి. ఊరు దానంగా వచ్చినది, సంతోషమే. కాని తిమ్మన ఆడిన ఒక్క ఆటయినా, ఒక్క ఎత్తయినా రాతలో మనకు దక్కలేదు. అస్-సూలీ గ్రంథంలోని చిక్కు సమస్యలు వేయి ఏండ్ల తరువాత కూడా పండితులకు పని కల్పించుచున్నవి. తిమ్మన ఘనత ఒక చాటువుగా మాత్రమే మిగిలినది. బహుమానం మనిషితో పోవును, రాత మిగులును. ఇది మేము గ్రహించవలసిన మొదటి నీతి.

యూరోపులో మాత్రం పరిస్థితి మెరుగని అనుకొనరాదు. 1886లో జూకర్‌టోర్ట్‌ను గెలిచి మొదటి అధికారిక ప్రపంచ చాంపియన్‌గా నిలిచిన స్టైనిట్జ్ 1900లో న్యూయార్కులో నిరుపేదగా మరణించినారు. ఆ కాలంలో ప్రపంచ పీఠం చాంపియన్ సొంత ఆస్తి వలె ఉండెడిది. ఎవరితో ఆడవలెనో, ఎంత సొమ్ముకు ఆడవలెనో నిర్ణయించునది ఆయనే. 1922లో కాపబ్లాంకా ప్రతిపాదించగా అగ్రశ్రేణి ఆటగాళ్ళు అంగీకరించిన 'లండన్ నియమావళి' ప్రకారం పోటీకి దిగువాడు పదివేల డాలర్ల పందెపు సొమ్ము సమకూర్చవలసి ఉండెను. నిమ్జోవిచ్ వంటి మేధావి సవాలు చేసి, ఆ సొమ్ము పోగు చేయలేక వెనుకకు తగ్గినారు. అలేఖిన్‌కు అర్జెంటీనావారి అండ లభించినది కనుకనే 1927లో బ్యూనస్ ఐర్స్‌లో పోటీ జరిగినది. ఆయన చాంపియన్ అయినారు. ప్రతిభ ఉన్నంత మాత్రాన తలుపు తెరుచుకొనదు. తలుపు వద్దకు చేరుటకే దారి ఖర్చు కావలెను.

1946లో అలేఖిన్ చాంపియన్‌గా ఉండగానే మరణించినారు. అప్పుడు ఫిడే ఆ పీఠాన్ని తన ఆధీనంలోనికి తీసుకొని, 1948లో అయిదుగురు ఆటగాళ్ళ నడుమ పోటీ నడిపినది. బోట్విన్నిక్ గెలిచినారు. ఆనాటి నుండి ప్రపంచ పీఠానికి అంచెలంచెల పోటీల దారి ఏర్పడినది. సోవియట్ దేశంలో బాలబాలికలకు పయొనీర్ భవనాలలో చదరంగపు తరగతులు ఉండెడివి. చిన్నతనంలోనే తండ్రిని కోల్పోయిన బాకూ నగరపు బాలుడు గారీ కాస్పరోవ్ అట్టి భవనంలో ఓనమాలు దిద్ది, బోట్విన్నిక్ పాఠశాలలో ఎదిగి, 1985లో ప్రపంచ చాంపియన్ అయినారు. ఏ నవాబు దయా ఆయనకు అవసరం కాలేదు. సోవియట్ వ్యవస్థలో లోపాలు లేవని మేము చెప్పుటలేదు. కాని ఒక మనిషి దయపై కాక ఒక సంస్థ నియమంపై ఆధారపడిన ప్రతిభ ఎక్కువ కాలం నిలుచునని ఆ చరిత్ర రుజువు చేసినది. 2022లో చెన్నైలో జరిగిన ఒలింపియాడ్‌లో ఉజ్బెకిస్తాన్ యువకులు స్వర్ణం గెలిచినారంటే, ఆ గెలుపు వెనుక కూడా ఆ పాత చదరంగ సంప్రదాయపు వేళ్ళు కలవు.

మన దేశం కథ కూడా ఇదే చెప్పును. 1961లో మాన్యుయెల్ ఆరన్ ఇంటర్నేషనల్ మాస్టర్ బిరుదు పొందిన తొలి భారతీయులైనారు. ఆయన తన బిరుదుతో తృప్తిపడి కూర్చొనలేదు. 1972లో మద్రాసులోని సోవియట్ సాంస్కృతిక కేంద్రంలో మిఖాయిల్ తాల్ పేర చదరంగ క్లబ్బు నెలకొల్పుటకు కారకులైనారు. తల్లి వద్ద ఆట నేర్చిన విశ్వనాథన్ ఆనంద్ అనే బాలుడు ఆ క్లబ్బు బల్లల వద్దనే పదునెక్కినాడు. గ్రాండ్‌మాస్టర్ బిరుదుకు కావలసిన ఆఖరి అర్హతను 1987 డిసెంబరులో కోయంబత్తూరులో జరిగిన అంతర్జాతీయ పోటీలో సంపాదించి, 1988లో భారతదేశపు మొదటి గ్రాండ్‌మాస్టర్ అయినాడు. గమనించదగిన విషయమేమనగా, ఆ అంతర్జాతీయ పోటీ మన నేలపైన జరిగినది. పోటీని ఆటగాని వద్దకు తెచ్చినవారున్నారు. ఆరన్ స్థాపించిన ఆ చిన్న గది లేకపోయినచో ఆనంద్ గొప్పవాడు కాకపోయెడివాడని మేము అనజాలము. దారి మాత్రం మరింత దుర్గమమై ఉండెడిది.

ఆ తరువాత దారి విశాలమైనది. నేడు దేశంలో గ్రాండ్‌మాస్టర్ల సంఖ్య ఎనుబది దాటినది. వారిలో మన తెలుగువారి స్థానం చిన్నది కాదు. గుంటూరువాడైన పెంటేల హరికృష్ణ 2001లో గ్రాండ్‌మాస్టర్ అయినారు. గుడివాడలో జన్మించిన కోనేరు హంపి 2002లో, పదునైదేళ్ళ ప్రాయంలో, స్త్రీలకు ప్రత్యేకించిన బిరుదు కాక పురుషులతో సమానమైన గ్రాండ్‌మాస్టర్ బిరుదునే పొంది, అంతకు మునుపు జూడిట్ పోల్గార్ పేర ఉన్న పిన్నవయసు స్త్రీల రికార్డును దాటినారు. 2019లోను, 2024లోను ఆమె ప్రపంచ ర్యాపిడ్ చాంపియన్ అయినారు. గుంటూరుకే చెందిన ద్రోణవల్లి హారిక 2011లోను, వరంగల్లు యువకుడు అర్జున్ ఎరిగైసి 2018లోను ఆ బిరుదు పొందినారు. 2024లో బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో భారత పురుషుల, స్త్రీల జట్లు రెండూ స్వర్ణం గెలిచినప్పుడు ఆ జట్లలో హరికృష్ణ, అర్జున్, హారిక ఉన్నారు. అదే సంవత్సరం డిసెంబరులో చెన్నైలోని తెలుగు కుటుంబంలో పుట్టిన గుకేశ్ సింగపూరులో డింగ్ లిరెన్‌ను గెలిచి, పదునెనిమిదేళ్ళకే ప్రపంచ చాంపియన్ అయినాడు.

ఈ పేర్లు చదివి మన విద్యార్థులు ఉప్పొంగుదురు. కాని ఈ పేర్ల వెనుక ఉన్న లెక్క కూడా వారు తెలిసికొనవలెను. గ్రాండ్‌మాస్టర్ బిరుదుకు రేటింగు 2500కు చేరవలెను. ఆపైన 'నార్మ్' అనబడే ఉన్నతశ్రేణి ఫలితాలు, మొత్తం ఇరువది ఏడు ఆటలకు తగ్గకుండా, మూడు సాధించవలెను. ఆ పోటీలలో నిర్ణీత సంఖ్యలో గ్రాండ్‌మాస్టర్లు, పరదేశపు ఆటగాళ్ళు ఉండవలెను. అనగా ఇంటి గదిలో కూర్చొని ఎంత గొప్పగా ఆడినా బిరుదు రాదు. రైలు టికెట్టు, విమానం టికెట్టు, ప్రవేశ రుసుము, బస, శిక్షకుని జీతం, ఇవన్నీ బిరుదులోని అంతర్భాగాలే. ఈ ఖర్చు భరించుటకు కొందరు తల్లిదండ్రులు ఉద్యోగాలు వదులుకొన్నారు, ఆస్తులు తెగనమ్ముకొన్నారు. ఆ త్యాగం చేయజాలని ఇంట పుట్టిన పిల్లవాని సంగతి ఏమి? భోపాలులో వడ్రంగి పని చేసుకొనే మొహమ్మద్ రఫీక్ ఖాన్ 1980లో మాల్టా ఒలింపియాడ్‌లో రజత పతకం గెలిచి, ఒలింపియాడ్ పతకం తెచ్చిన మొదటి భారతీయుడైనారు. నేడు మన విద్యార్థులలో ఎందరికి ఆ పేరు తెలియును? ఆటో నడుపువారి, దర్జీల, చిరు వర్తకుల బిడ్డలు చదివే కళాశాల మనది. రఫీక్ ఖాన్ పేరు మొదట మన గోడలపై ఉండవలెను.

ఇచ్చట కొందరు పెద్దలు లేవనెత్తే అభ్యంతరాలను కూడా గౌరవంతో పరిశీలించవలెను. చదరంగం సోమరుల ఆట అనునది మొదటిది. మున్షీ ప్రేమ్‌చంద్ 1924లో రాసిన 'శతరంజ్ కే ఖిలాడీ' కథలో అవధ్ రాజ్యం కూలుచుండగా ఇద్దరు నవాబులు ఆటలో మునిగి ఉందురు. సత్యజిత్ రాయ్ 1977లో దానిని చలనచిత్రంగా మలచినారు. ఆ కథ గొప్పదే. కాని అది దూషించినది ఆటను కాదు, కర్తవ్యాన్ని మరచిన మనుషులను. విచిత్రమేమనగా ఆ కథ వెలువడిన 1924లోనే పారిస్‌లో ఫిడే స్థాపింపబడినది. ఒకచోట అదే ఆట పతనానికి చిహ్నమైతే, మరొకచోట నియమానికి, క్రమశిక్షణకు పునాది అయినది. గడియారం పక్కన పెట్టుకొని, ప్రతి ఎత్తునూ కాగితంపై రాసుకొని ఆడే ఆటలో సోమరితనానికి తావు లేదు.

రెండవ అభ్యంతరం ధర్మానికి సంబంధించినది. ఈ విషయంలో ఫత్వా ఇచ్చే అర్హత మాకు లేదు. అది ఉలమాల పని. అయితే ఫిఖ్‌హ్ పండితులలో అభిప్రాయభేదం కలదని మాత్రం చెప్పవచ్చును. హనఫీ పండితులు సామాన్యంగా ఈ ఆటను నిరసించినారు. షాఫయీ సంప్రదాయంలో జూదం లేకుండా, నమాజుకు భంగం కలుగకుండా, దుర్భాషలు లేకుండా ఆడుటను సహించినవారున్నారు. ఇరాన్‌లో విప్లవానంతరం నిషేధింపబడిన చదరంగం 1988లో తిరిగి అనుమతి పొందినది. 2000 డిసెంబరులో ఆనంద్ మొదటిసారి ఫిడే ప్రపంచ చాంపియన్ అయినది టెహ్రాన్ నగరంలోనే. 2016లో సౌదీ అరేబియా ప్రధాన ముఫ్తీ ఈ ఆటను తప్పుపట్టినారు. 2017 డిసెంబరులో ఆ దేశపు రియాద్ నగరమే ప్రపంచ ర్యాపిడ్ పోటీలకు ఆతిథ్యమిచ్చినది. కనుక ఏ విద్యార్థినీ ఆడమని నిర్బంధింపరాదు, ఆడదలచినవానిని అవమానింపనూరాదు. ఆ పండితులు పెట్టిన షరతులనే మన గదికి నియమాలుగా పెట్టుకొనవచ్చును. పందెం కూడదు. అజాన్ వినబడగానే ఆట ఆగవలెను. నోరు జారరాదు. ఈ మూడు నియమాలు పాటించిన విద్యార్థి చదరంగంలో ఓడినా జీవితంలో ఓడడు.

చదువు దెబ్బతినునన్నది మూడవ అభ్యంతరం. మితి తప్పిన ఏ వ్యాపకమైనా చదువుకు చేటే. 1894 నుండి 1921 వరకు ప్రపంచ చాంపియన్‌గా ఉండిన లాస్కర్ గణితంలో డాక్టరేటు పొందినవారు. యూవే గణిత ఉపాధ్యాయులు. బోట్విన్నిక్ విద్యుత్ ఇంజనీరు. ఆట చదువుకు శత్రువైతే వీరు ఈ రెండింటిని ఎట్లు సాధించినారు?

ఇన్ని మాటలు చెప్పుటలో మా ఉద్దేశం ఒక్కటే. ప్రతి ఏటా వార్షికోత్సవంనాడు గెలిచివచ్చిన విద్యార్థికి శాలువా కప్పుదుము, జ్ఞాపిక ఇత్తుము, చప్పట్లు కొట్టుదుము. మంచిదే. కాని ఆ విద్యార్థి గెలుచుటకు వెళ్ళిన నాడు అతని చేతిలో రైలు టికెట్టు పెట్టినదెవరు? శాలువా గెలిచినవానికే అందును. టికెట్టు గెలువబోవువానికి, ఓడి నేర్చుకొనబోవువానికి కూడా అందును. సన్మానం ఫలాన్ని చూచి నీరు పోయును. సదుపాయం మొక్కను చూచి నీరు పోయును.

అందుచేత కళాశాల కమిటీవారికి మా మనవి ఇది. గ్రంథాలయం పక్కన ఒక గది వారానికి రెండు సాయంత్రాలు చదరంగానికి కేటాయించవలెను. పది పలకలు, అయిదు గడియారాలు, తెలుగులోను, ఉర్దూలోను, ఆంగ్లంలోను కొన్ని చదరంగ గ్రంథాలు చాలును. క్రీడానిధిలో కొంత భాగాన్ని రేటింగు పోటీల ప్రవేశ రుసుముకు, ప్రయాణ ఖర్చులకు పోటీకి ముందుగానే మంజూరు చేయవలెను. గెలిచిన పిమ్మట రసీదులు చూపమని అడుగుట పేదవానికి తలుపు మూయుటయే. మన విద్యార్థులు ఆడిన ఆటలన్నింటిని ఎత్తు ఎత్తుగా రాయించి, ఏటేటా గ్రంథాలయంలో భద్రపరచవలెను. తిమ్మన ఆటలు పోయినవి. మన పిల్లల ఆటలు పోనీయరాదు.

విద్యార్థినుల విషయం ప్రత్యేకంగా చెప్పవలసి ఉన్నది. 1933లో సుల్తాన్ ఖాన్ మూడవసారి బ్రిటిష్ చాంపియన్ అయినప్పుడే, సర్ ఉమర్ పరివారానికే చెందిన ఫాతిమా అనే యువతి బ్రిటిష్ స్త్రీల చాంపియన్ అయినది. ఆమెను ఆంగ్ల పత్రికలు 'మిస్ ఫాతిమా' అని రాసినవి. ఆ విజయానంతరం ఆమె కూడా స్వదేశానికి మరలి, పోటీల లోకానికి కనుమరుగైనది. సుల్తాన్ ఖాన్‌కు 2024లోనైనా ఒక బిరుదు వచ్చినది. ఫాతిమాకు ఆ పాటి జ్ఞాపకం కూడా దక్కలేదు. మన విద్యార్థినులకు ప్రత్యేక సమయం, అవసరమైతే ప్రత్యేక గది, ఒక అధ్యాపకురాలి పర్యవేక్షణ ఏర్పరచినచో తల్లిదండ్రులు నిశ్చింతగా అనుమతింతురు. హంపి, హారికలు సాధించినది మన ఆడపిల్లలకు అసాధ్యమని చెప్పుటకు ఎవరికీ హక్కు లేదు.

విద్యార్థి సోదర సోదరీమణులకు కూడా ఒక మాట. ఈ గది నుండి గ్రాండ్‌మాస్టరు వచ్చునని మేము వాగ్దానం చేయజాలము. బహుశా ఎవరూ రాకపోవచ్చును. గ్రంథాలయం తెరిచిన ప్రతివారూ కవులు కావలెనని ఎవరూ అడుగరు. ఎదుటివాని ఎత్తును తేలికగా తీసుకొనకుండుట, తన తప్పు ఎత్తుకు ఇతరులను నిందింపకుండుట, ఓడిన పిమ్మట ప్రత్యర్థికి చేయి చాచి ఆ ఆటనే తిరిగి పరిశీలించుట, ఈ గుణాలు అలవడినచో అంతకంటె మాకు కావలసినదేమీ లేదు. ఒకవేళ మీలో సుల్తాన్ ఖాన్ వంటివారెవరైనా ఉన్నచో, ఆ సంగతి మాకు మీరు ఈ బెంచీలపై ఉండగానే తెలియవలెను. 58 ఏండ్ల తరువాత తెలిసికొని శాలువా పట్టుకొని వచ్చుటకు అప్పుడు మేమూ ఉండము, మీరూ ఉండరు.